నిష్పాక్షికత ఎంతవరకు?

ఏ పార్టీకీ చెందకపోవడం వేరు, ఏ పక్షమూ వహించకపోవడం వేరు. ఈ రెంటినీ ఒకటిగా భావించడం మన విద్యావంతులకు అలవాటైపోయింది. రాష్ట్ర విధానాలను అధ్యయనం చేసే పరిశోధన సంస్థల నివేదికలు చదివేటప్పుడు ఈ అలవాటు మనను తప్పుదారి పట్టిస్తుంది.

మనకు బాగా తెలిసిన సంస్థనే తీసుకుందాం. ఆర్థిక సామాజిక అధ్యయన కేంద్రం 1980లో హైదరాబాదులో ఏర్పడింది. భారత సామాజిక శాస్త్ర పరిశోధన మండలీ, రాష్ట్ర ప్రభుత్వమూ దానికి నిధులిస్తూ వచ్చాయి. 2007లో అది ఆంధ్రప్రదేశ్ మానవాభివృద్ధి నివేదికను రూపొందించింది. ఆ కృషి విలువను తక్కువ చేయడం అన్యాయం. 1999లో మెకిన్సీ కంపెనీ సహాయంతో ప్రభుత్వం వెలువరించిన విజన్ 2020 పత్రం వృద్ధిరేట్ల భాష మాట్లాడింది. ఈ నివేదిక జిల్లాల వారీగా ఆరోగ్యాన్నీ, చదువునూ, ఆదాయాన్నీ లెక్కకు తెచ్చింది. ఒక జిల్లా మరో జిల్లాకంటే ఎందుకు వెనుకబడిందని అడిగే ఆధారం మనకిచ్చింది. అభ్యుదయవాదులు ఇటువంటి అంకెలను కాదనరాదు. అడగవలసింది, ఆ అంకెల చుట్టూ గీత ఎవరు గీశారని.

యానాంలో కూర్చుని ఆ నివేదిక చదివితే ఈ ప్రశ్న దానంతట అదే పుడుతుంది. గౌతమి ఒడ్డున ఉన్న ఈ ఊరి చుట్టూ నాటి తూర్పు గోదావరి జిల్లా ఉంది. భాష ఒకటే, నది ఒకటే, చుట్టరికాలు ఒకటే. కాని ఆ జిల్లా అంకెల్లో యానాం లేదు. 1954లో ఫ్రెంచి పాలన అంతమై, 1962లో చట్టరీత్యా భారతదేశంలో కలిసిన ఈ ఊరు పుదుచ్చేరిలో భాగం. అక్కడి శాసనసభకు ఎన్నికయ్యే 30 మందిలో యానాం ప్రతినిధి ఒక్కడే. 2011 జనాభా లెక్కల్లో యానాం వాసులు 55 వేల పైచిలుకు. పుదుచ్చేరి జనాభాలో నూటికి అయిదుగురు కూడా కారు. ఆ సగటులో ఈ ఊరి సుఖదుఃఖాలు ఏమూల కనిపిస్తాయి? ఒక నివేదికకు ఇది పరాయి ఊరు, మరో నివేదికకు చిన్న ఊరు. ఇందులో ఎవరి దురుద్దేశమూ లేదు. దురుద్దేశం లేకుండానే మనుషులు లెక్కలోంచి జారిపోతారన్నదే ఇక్కడి పాఠం.

దీని పర్యవసానం చిన్నది కాదు. 1992లో నెల్లూరు జిల్లా దూబగుంట స్త్రీలు అక్షరాలు నేర్చుకుంటూ సారాపై తిరగబడ్డారు. ఆ విధానం ఏ పరిశోధన సంస్థ గదిలోనూ పుట్టలేదు. 1993 అక్టోబరులో సారా నిషేధం వచ్చింది. 1995 జనవరిలో సంపూర్ణ మద్యనిషేధం. గోదావరి జిల్లాల్లో దుకాణాలు మూతపడ్డాయి, యానాంలో మూతపడలేదు. 1997లో నిషేధాన్ని సడలించినప్పుడు ఖజానా నష్టమూ, దొంగరవాణా కారణాలుగా వినిపించాయి. దొంగరవాణాకు యానాం ఒక్కటే దారి కాదు; నాటుసారా బట్టీలు రాష్ట్రం లోపలే ఉన్నాయి. అయినా అడగాలి: ఓడిపోయింది ఆ స్త్రీల కోరికా? లేక సరిహద్దుకు ఇరువైపులా ఉన్న ప్రభుత్వాలు ఒక్క మాటమీదికి రాలేకపోవడమా?

ఆబ్కారీ రాబడి ఎంత తగ్గిందో పైసలతో సహా లెక్కగట్టవచ్చు. కూలి డబ్బులు ఇంటికి చేరిన సాయంకాలాన్నీ, దెబ్బలు లేని రాత్రినీ ఏ పద్దు కింద వేయాలి? కొలవగలిగినదే నిజమనుకునే పరిశోధకుడు ఏ పార్టీకీ ఓటు వేయకపోయినా, ఖజానా పక్షాన తీర్పు చెప్పినవాడవుతాడు. తాను పక్షం వహించానన్న సంగతి అతనికే తెలియకపోవచ్చు. అందుకే ఆ తీర్పు మరింత నమ్మదగినదిగా కనిపిస్తుంది.

కాబట్టి ఇటువంటి సంస్థలు వద్దనడం నా ఉద్దేశం కాదు. అవి లేకపోతే ప్రభుత్వ ప్రకటనలూ, కంపెనీల సలహాపత్రాలే మనకు మిగులుతాయి. కాని కథనో కావ్యాన్నో చదివినట్లే నివేదికనూ విమర్శక దృష్టితో చదవాలి. ప్రశ్న ఎవరు వేశారు? హద్దు ఎక్కడ గీశారు? ఎవరిని అడిగారు, ఎవరిని అడగకుండా సగటు కట్టారు? మన కళాశాలల్లో అర్థశాస్త్రం చెప్పే ఉపాధ్యాయులు విద్యార్థులను ఒక్కసారి గౌతమి రేవుకు తీసుకువెళ్ళి, జిల్లా అంకెల పట్టికను అక్కడ తెరిపిస్తే చాలు. పట్టిక ఎక్కడ ఆగిపోతుందో, జీవితం ఎక్కడ ఆగకుండా సాగుతుందో వారే చూస్తారు.