దోషం అక్షరానిదా? గ్రంథాలయ ఫైలుదా? – 2018 నాటి ‘జ్ఞా’ ఘటన: ఒక విమర్శ

వ్యాససంగ్రహం:
2018 ఫిబ్రవరిలో ‘జ్ఞా’ రూపంలో కనిపించే ఒక తెలుగు అక్షరక్రమం ఐఫోన్లలోని పలు అప్లికేషన్లను స్తంభింపజేసింది. ఆ ఘటనను తెలుగు అక్షరం తెచ్చిన ముప్పుగా వర్ణించిన తీరును ఈ వ్యాసం పరిశీలిస్తుంది. దోషం లిపిది కాదనీ, ఆపరేటింగ్ సిస్టమ్‌లోని ఉమ్మడి గ్రంథాలయ ఫైలుదనీ నిరూపిస్తుంది. తెలుగు పాఠం తెరపై చెదిరినప్పుడు పాటించదగిన మూడంచెల నిర్ధారణను ప్రతిపాదిస్తుంది.

కీలకపదాలు: ఉమ్మడి గ్రంథాలయ ఫైలు, డిఎల్ఎల్, కోర్‌టెక్స్ట్, యూనికోడ్, సంయుక్తాక్షరం, అను ఫాంట్లు.

1. ప్రవేశిక:
నిజాం రాష్ట్రంలో తెలుగు కవులు లేరన్న మాటకు పాలమూరు ప్రాంతీయులైన సురవరం ప్రతాపరెడ్డి 1934లో ‘గోలకొండ కవుల సంచిక’తో సమాధానమిచ్చారు. 354 మంది కవులు అందులో చోటుచేసుకున్నారు. కొరవడింది కవిత్వం కాదు, దానిని ఒకచోట చేర్చి చూపే ప్రయత్నం. చూపే సాధనంలోని కొరతను భాషకు అంటగట్టడం అప్పటితో ఆగలేదు. 2018లో అదే పొరపాటు మరో రూపంలో ఎదురైంది.

2. ఉమ్మడి గ్రంథాలయ ఫైలు – స్వరూపం:
నల్లగొండ నుండి 1922లో ‘నీలగిరి పత్రిక’ వెలువడిన నాటికి ఒత్తును అక్షరం కింద కూర్చడం కంపోజిటర్ పని. ఒక ముద్రణాలయంలో దొర్లిన తప్పు ఆ ముద్రణాలయానికే పరిమితం. కంప్యూటర్‌లో ఈ పనిని ఒక గ్రంథాలయ ఫైలు చేస్తుంది. యూనికోడ్‌లో ‘జ్ఞా’ అనేది ఒకే సంకేతం కాదు. జ, పొల్లు, ఞ, దీర్ఘం అనే నాలుగు సంకేతాల వరుస అది. ఆకృతులు ఫాంటులో ఉంటాయి. ఏ సంకేతానికి ఏ ఆకృతి, ఎక్కడ అమరాలో గ్రంథాలయ ఫైలు నిర్ణయిస్తుంది. విండోస్‌లో యూనిస్క్రైబ్, ఆపిల్ పరికరాల్లో కోర్‌టెక్స్ట్, ఆండ్రాయిడ్, ఫైర్‌ఫాక్స్, లిబ్రెఆఫీస్‌లలో హార్ఫ్‌బజ్ ఈ బాధ్యతను వహిస్తూ వచ్చాయి.

ప్రతి అప్లికేషనూ ఈ పనిని విడిగా నేర్వనక్కరలేదు. అన్నీ ఒకే ఫైలును ఆశ్రయిస్తాయి. అందువల్ల జ్ఞాపకశక్తి ఆదా అవుతుంది, ఒకచోట చేసిన దిద్దుబాటు అన్నిటికీ అందుతుంది. అయితే ఒకచోటి దోషం కూడా అన్నిటికీ సంక్రమిస్తుంది.

3. ‘జ్ఞా’ ఘటన – పునఃపరిశీలన:
ఐఓఎస్ 11.2.5 ఉన్న ఫోన్లలో ఆ అక్షరక్రమం చేరగానే సందేశాల అప్లికేషన్లు మూతపడ్డాయి. వేర్వేరు సంస్థల అప్లికేషన్లు ఒకే విధంగా కూలడమే దోషం వాటి ఉమ్మడి ఆధారంలో ఉందనడానికి తొలి సూచన. అయినా వార్తాకథనాలలో ‘తెలుగు బగ్’ అన్న పేరు స్థిరపడింది. వాక్యంలో కర్తృస్థానం అక్షరానికి దక్కింది. గ్రంథాలయ ఫైలు కనిపించకుండా పోయింది.

ఈ వర్ణన మూడు కారణాల వల్ల నిలవదు. మొదటిది, ‘జ్ఞానం’ అని మామూలుగా రాస్తే ఏ ఫోనూ ఆగలేదు. ఞకారానికీ దీర్ఘానికీ నడుమ ‘జీరో విడ్త్ నాన్ జాయినర్’ అనే కంటికి కనిపించని సంకేతం చేరిన క్రమమే ఆటంకమైంది. తెలుగు లేఖనసంప్రదాయం అక్కడ ఆ సంకేతాన్ని కోరదు. రెండవది, దేవనాగరి, బంగ్లా లిపులలోని ఇటువంటి కొన్ని క్రమాలకూ ఇదే ఫలితం వచ్చింది. మూడవది, 2018 ఫిబ్రవరి 19న ఆపిల్ విడుదల చేసిన ఐఓఎస్ 11.2.6 దిద్దింది కోర్‌టెక్స్ట్‌నే. జ్ఞాపకస్థానం చెడిపోయే లోపాన్ని, లోనికి వచ్చే పాఠాన్ని మరింత జాగ్రత్తగా సరిచూడడం ద్వారా సవరించామని సంస్థే పేర్కొంది. అక్షరం మారలేదు, ఫోను మాత్రం కోలుకుంది.

సంయుక్తాక్షరాల సంక్లిష్టతే మూలకారణమని ఒక పూర్వపక్షం ఉండవచ్చు. 2013లో అరబిక్ అక్షరాల వరుస ఒకటి కూడా కోర్‌టెక్స్ట్‌ను కూల్చింది. అరబిక్‌కు తెలుగు వత్తులతో పోలిక లేదు. లిపి ఎంత సంక్లిష్టమైనా దాని నియమాలు తెలిసినవే. ఊహించని క్రమం ఎదురైనప్పుడు కూలిపోకుండా నిలవడం ఫైలు బాధ్యత.

4. మరమ్మతు – మూడంచెల నిర్ధారణ:
నల్లగొండలోని మహాత్మాగాంధీ విశ్వవిద్యాలయంలోనైనా, పాలమూరు విశ్వవిద్యాలయంలోనైనా తెలుగు పరిశోధకునికి తెరపై చెదిరిన ఒత్తులు ఎదురైతే, ఏది చెడిందో తేల్చుకోవడమే తొలి పని.

మొదటి అంచె: ఫైలు పాడవడం లేదా లేకపోవడం. విండోస్ ఎక్స్‌పీలో సంక్లిష్ట లిపుల ఫైళ్లను విడిగా స్థాపిస్తేనే తెలుగు సరిగా కనిపించేది. తర్వాతి విండోస్‌లలో ఫైలు చెడితే ‘ఎస్ఎఫ్‌సి స్కాన్‌నౌ’ ఆదేశం సిస్టమ్ ఫైళ్లను పరీక్షించి, మూలప్రతి నుండి పునరుద్ధరిస్తుంది. ఆ మూలప్రతుల నిల్వే చెడితే విండోస్ 8 నుండి ‘డిఐఎస్ఎమ్’ సాధనం దానిని సరిచేస్తుంది. ఎవరో ఇచ్చిన ఒక్క డిఎల్ఎల్‌ను తెచ్చి సిస్టమ్‌లో అతికించడం మరమ్మతు కాదు. వెర్షన్ కుదరకపోవచ్చు, హానికర ప్రోగ్రామ్ చొరబడవచ్చు.

రెండవ అంచె: ఫైలు చెక్కుచెదరకపోయినా దాని రచనలోనే దోషం ఉండడం. 2018 ఘటన ఈ కోవలోనిది. ఇక్కడ పునరుద్ధరణ అదే దోషాన్ని తిరిగి తెస్తుంది. తయారీదారు ఇచ్చే కొత్త వెర్షనే శరణ్యం.

మూడవ అంచె: పాఠమే వేరే సంకేతాల్లో ఉండడం. అను వంటి పాత ఫాంట్లు ఆంగ్లాక్షరాల సంకేతాల స్థానంలో తెలుగు ఆకృతులను అమర్చాయి. ఆ ఫాంటు లేని కంప్యూటర్‌లో పాఠం ఆంగ్లాక్షరాల గందరగోళమవుతుంది. ఏ గ్రంథాలయ ఫైలును బాగుచేసినా ఇది తీరదు. పాఠాన్ని యూనికోడ్‌లోకి మార్చి, తప్పులు సరిచూడాలి. యూజీసీ 2009 నిబంధనలు పిహెచ్‌డి సిద్ధాంతవ్యాసాల ఎలక్ట్రానిక్ ప్రతిని తప్పనిసరి చేశాయి. పాత ఫాంట్లలో కూర్చిన వ్యాసం కంటికి తెలుగే. తెలుగులో పదాన్ని వెతికితే మాత్రం దొరకదు. భాండాగారంలో ఉండీ లేనట్టే.

5. ముగింపు:
‘జ్ఞా’ ఘటన ఒక సాంకేతిక లోపానికి భాషను ముద్దాయిని చేసింది. తెలుగు సమాజం కూడా దానిని వింతగా చెప్పుకుందే తప్ప ఆ నామకరణాన్ని తగినంతగా ప్రశ్నించలేదు. మరమ్మతు సరైన నిర్ధారణతో మొదలవుతుంది. నిర్ధారణ సరైన మాటతో మొదలవుతుంది. కవులు లేరన్న మాటకు సురవరం సాక్ష్యాలను సేకరించి బదులిచ్చారు. నేటి పరిశోధకుల సాక్ష్యం, వెతికితే దొరికే పాఠమే. సిద్ధాంతవ్యాసాన్ని యూనికోడ్‌లో సమర్పించడమూ, లోపం కనిపించినప్పుడు ఆ సంకేతక్రమంతో సహా తయారీదారుకు నివేదించడమూ భాషాసేవలో భాగంగా గుర్తించాలి.