టాబో గోడమీది అతిథి

స్పితి లోయలోని టాబో విహారంలో, ప్రధానాలయపు సభామండపం దక్షిణ భాగాన, గోడలకు అమర్చిన మట్టిమూర్తుల దిగువన ఒక యాత్రికుని కథ వరుస చిత్రాలుగా సాగుతుంది. ఆ యాత్రికుడు గండవ్యూహసూత్రంలోని సుధనుడు. శ్రేష్ఠి కుమారుడైన ఈ యువకుడు మంజుశ్రీ ప్రేరణతో బయలుదేరి, బోధిసత్త్వచర్యను ఎలా అభ్యసించాలో తెలుసుకోవడానికి యాభైమందికి పైగా కల్యాణమిత్రులను దర్శిస్తాడు. వారిలో భిక్షువులు ఉన్నారు. నావికుడు, సుగంధద్రవ్యాల వర్తకుడు, గృహస్థులు, ఒక గణిక, ఇసుకలో ఆడుకునే ఒక బాలుడు కూడా ఉన్నారు. ప్రతి గడప వద్దా అతడు అడిగే ప్రశ్న ఒకటే. ఆ ఇంటివారు తమకు తెలిసినంత చెప్పి, తెలియనిదాని కోసం మరొకరి వద్దకు పంపుతారు.

టాబోలోను, ఆ లోయలోని ఇతర గ్రామాలలోను నేడు మరొక యాత్రికుడు గడప గడపకూ వస్తున్నాడు. రైతు ఇంట రెండు మూడు రాత్రులు బస చేసి, బార్లీ రొట్టె తిని, బఠాణీ చేలో కాసేపు తిరిగి, కొండమీది విహారాన్ని చూసి వెళ్లే ఈ విహారయాత్రకు హోమ్‌స్టే అనీ, ఫార్మ్‌స్టే అనీ పేర్లు స్థిరపడ్డాయి. హిమాచల్ ప్రదేశ్ ప్రభుత్వం 2008లో హోమ్‌స్టే పథకాన్ని ప్రారంభించింది. 2020లో అటల్ సొరంగం తెరుచుకున్నాక మనాలీ వైపు ప్రయాణం మరింత సులువైంది. పెద్ద హోటళ్లకంటే ఈ బసలు మేలైనవన్న వాదనలో సత్యం ఉన్నది. అయితే ఈ యాత్రారూపం తాను చూపుతున్న దేశాన్ని సరిగా చదువుతున్నదా అన్న ప్రశ్న మిగిలే ఉన్నది. బౌద్ధ వారసత్వాన్ని అధ్యయనం చేసేవారికి అది పక్కన పెట్టదగిన ప్రశ్న కాదు.

ఈ యాత్రలను వర్ణించే రచనలలో తరచుగా కనిపించే మాటలు మూడు: కాలం స్పృశించని లోయ, ప్రపంచానికి దూరమైన పల్లె, ప్రాచీన సేద్యం. మూడూ చరిత్రకు నిలవవు. టాబో ఆలయాన్ని క్రీ.శ. 996లో గుగే రాజైన యేషే ఓద్ స్థాపించాడనీ, 46 ఏళ్ల తరువాత అదే వంశానికి చెందిన జంగ్‌చుబ్ ఓద్ పునరుద్ధరించాడనీ అక్కడి శాసనమే చెబుతున్నది. ఆ కాలపు మహానువాదకుడు రించెన్ జంగ్పో సంస్కృత గ్రంథాల కోసం కాశ్మీరానికి వెళ్లినవాడు. టాబో చిత్రాలలో కాశ్మీర శిల్పుల చేతివాటం పండితులు గుర్తించినదే. టిబెట్‌తో స్పితి ప్రజల రాకపోకలు, వర్తకం ఇరవయ్యో శతాబ్ది మధ్యభాగం వరకూ సాగాయి. అవి ఆగిపోవడానికి కారణం హిమాలయం కాదు, సరిహద్దు రాజకీయం. సరిహద్దు ప్రాంతం కావడం వల్లనే 1992 వరకూ ఈ లోయ విదేశీయులకు మూసి ఉన్నది. యాత్రికుడు ప్రకృతి సహజమని మురిసిపోయే ఏకాంతంలో కొంత భాగం ఇటీవలి శతాబ్ది కల్పించినదే.

ప్రాచీన సేద్యమన్న మాటా అంతే. యాత్రికుడు ఫొటో తీసుకునే పచ్చని బఠాణీ చేలు గత కొన్ని దశాబ్దాలలో నగదు పంటగా విస్తరించినవి. టాబో పరిసరాలలోని ఆపిల్ తోటలూ నూతనమైనవే. బార్లీ, నల్ల బఠాణీ పాత పంటలు. రైతు మార్కెట్‌ను లెక్కవేసి పంట మార్చుకున్నాడు. అందులో అతనికి సిగ్గుపడవలసినది ఏమీ లేదు. అతనిని పురాతన మానవునిగా చూడదలచిన చూపే తప్పు.

ఇంతకంటే లోతైన పొరపాటు ఇంకొకటి ఉన్నది. ఈ యాత్రలో పొలం ఒక అంశం, విహారం మరొక అంశం. ఉదయం విహార దర్శనం, సాయంత్రం పల్లె జీవనం అని దినచర్య రెండుగా విడిపోతుంది. స్పితిలో ఆ రెండూ ఒకే వ్యవస్థకు రెండు ముఖాలు. మూడు వేల మీటర్లకు పైన, ఏడాదికి ఒక్క పంట మాత్రమే పండే ఆ నేలలో, పొలాన్ని తరతరానికీ పంచుకుంటూ పోతే ఏ ఇల్లూ నిలవదు. అందుకే ఇల్లూ, పొలమూ, నీటి వాటా జ్యేష్ఠ కుమారునికి సంక్రమించే ఆచారం ఏర్పడింది. తమ్ముళ్లలో పలువురు విహారానికి వెళ్లేవారు. వారి పోషణ బాధ్యత పుట్టింటిదే. ఇంటి ధాన్యంలో కొంత విహారానికి చేరేది. జననం, మరణం, విత్తనం, కోత మొదలైన ప్రతి సందర్భంలోను భిక్షువు తిరిగి ఆ గడపకు వచ్చి పాఠం చదివేవాడు. భిక్షువు ఇంటిని విడిచినవాడే గాని, ఇంటికి దూరమైనవాడు కాడు. ఈ సంబంధం తెలియని అతిథి విహారాన్ని కళాఖండంగాను, ఇంటిని వసతిగాను చూస్తాడు. రెండింటినీ కలిపే దారి అతని కంటికి కనిపించదు.

నీటి విషయంలో ఈ పొరపాటు నష్టంగా మారుతుంది. ఆ లోయలో వాన స్వల్పం. మంచు కరిగిన నీటిని కొండ అంచుల వెంట కిలోమీటర్ల దూరం తెచ్చే కాలువలను అక్కడ కుహల్ అంటారు. వాటి నుండి ఏ పొలానికి ఎప్పుడు నీరు పారాలన్నది వంతుల ప్రకారం నడుస్తుంది. ఇళ్లలోని పాత మరుగుదొడ్డికి నీరు అక్కరలేదు. పై అంతస్తులో నేలకు ఒక రంధ్రం, పక్కన పొడిమట్టి కుప్ప, కింద ఒక గది, అంతే. ఏడాదికి ఒకసారి కింది గదిలోని ఎరువు చేనికి వెళ్తుంది. అతిథి కోసం నీటితో కడిగే మరుగుదొడ్డి కట్టిన రోజున రెండు నష్టాలు ఒకేసారి కలుగుతాయి. చేనికి వెళ్లవలసిన ఎరువు ఆగిపోతుంది, చేనికి పారవలసిన నీరు గొట్టంలోకి మళ్లుతుంది. సౌకర్యం అనే చిన్న మాట వెనుక ఒక పొలం లెక్క తారుమారవుతుంది.

కాలం విషయమూ ఆలోచించదగినదే. యాత్రికులు ఎక్కువగా జూన్ నుండి సెప్టెంబరు వరకూ వస్తారు. బఠాణీ కోత, బార్లీ కోత, పశుగ్రాసం ఎండబెట్టి మిద్దె మీదికి చేర్చడం, శీతకాలానికి పిడకలు నిల్వ చేయడం అన్నీ ఆ నెలలలోనే జరగాలి. ఇంటికి అత్యంత పని ఉన్న కాలంలో అదనంగా పరుపు, వేడినీరు, మూడు పూటల వంట సమకూర్చవలసిన భారం ప్రధానంగా స్త్రీల మీద పడుతుంది. పల్లె తీరిక జీవితమని అతిథి పొగిడే సాయంకాలం, ఆతిథ్యమిచ్చిన ఇల్లాలికి చేను నుండి వచ్చి పొయ్యి ముట్టించే వేళ. ఆ ఇంటికి నిజమైన తీరిక శీతకాలంలో ఉన్నది. అప్పుడు అడిగేవారు తక్కువ.

విహారం వైపు చూసినా ఇదే స్థితి. టాబో ఆలయం మట్టితో కట్టినది, మట్టి మిద్దె కలిగినది. 1975 జనవరిలో వచ్చిన కిన్నౌర్ భూకంపం దానిని గాయపరచింది. ధంకర్ విహారం 2006లో ప్రపంచంలోని ప్రమాదస్థితిలో ఉన్న కట్టడాల పరిశీలన జాబితాకు ఎక్కింది. ఇటువంటి కట్టడాలకు వాననీరు, చెమ్మ, కిక్కిరిసిన మనుషుల ఊపిరి, దీపపు మసి ప్రత్యక్ష శత్రువులు. టాబో ఆలయంలో ఫొటోలు నిషేధం. మసక వెలుతురులోనే బొమ్మలను చూడాలి. ఈ నియమం యాత్రావర్ణనలలో తరచుగా ఒక ఫిర్యాదుగా కనిపిస్తుంది. నిజానికి అది ఆలయం అతిథికి చేసే తొలి ఉపదేశం. ఆ చీకటిలో పది నిమిషాలు ఓపికగా నిలిచినవారికే సుధనుడు కనిపిస్తాడు.

అయితే ఈ విమర్శ పల్లె బసలు వద్దని చెప్పడానికి కాదు. అతిథి ఇచ్చే సొమ్ము నేరుగా ఇంటికి చేరడం, అది తరచుగా స్త్రీ చేతికి చేరడం చిన్న విషయం కాదు. ఒక మంచు తక్కువ పడిన ఏడు పంట దెబ్బతింటే ఆ ఆదాయమే ఇంటిని నిలబెడుతుంది. అతిథులను ఇంటింటికీ వంతుల ప్రకారం పంపే పద్ధతిని హిమాలయ గ్రామాలు కొన్ని పాటిస్తున్నాయి. కాలువ నీటిని వంతులుగా పంచుకున్న సమాజమే అతిథినీ వంతులుగా పంచుకోవడం గమనించదగినది. అక్కడ పాత వివేకం కొత్త పనికి వచ్చింది. పొడి మరుగుదొడ్డిని ఉంచుకుని, దాని ప్రయోజనాన్ని అతిథికి వివరించే ఇల్లు కూడా అటువంటిదే. తప్పు బసలో లేదు. తానొక అనుభవాన్ని కొనుగోలు చేశాననీ, కనుక ఇల్లు తన అలవాటుకు మారాలనీ అతిథి తలచడంలో ఉన్నది.

ఈ విషయం ఆంధ్రదేశపు పాఠకులకు దూరమైనది కాదు. సుధనుని స్వస్థలం ధాన్యాకరమని గండవ్యూహం చెబుతుంది. దానిని కృష్ణాతీరపు ధాన్యకటకంగా గుర్తించిన పండితులు ఉన్నారు. ఆ గుర్తింపును అంగీకరిస్తే, టాబో గోడమీద నడిచే అతిథి అమరావతి నుండి బయలుదేరినవాడు. కాలచక్ర తంత్రాన్ని బుద్ధుడు ధాన్యకటకంలో ఉపదేశించాడని టిబెట్ సంప్రదాయం విశ్వసిస్తుంది. దలైలామా ఆ దీక్షను టాబోలో 1983లోను, 1996లోను, అమరావతిలో 2006లోను ఇచ్చారు. రెండు చోట్ల మధ్య సంబంధం ఇలా గ్రంథంలోను, ఆచారంలోను సజీవంగా ఉన్నది.

తేడా ఒక్కచోట ఉన్నది. అమరావతి శాసనాలలో గృహపతుల పేర్లు, వారి భార్యాబిడ్డల పేర్లు, విధికుడనే చర్మకారుని పేరు సైతం చదవగలం. వారి ఇళ్లు మాత్రం లేవు. తొట్లకొండకు ఆ పేరు రాతిలో తొలిచిన నీటి తొట్లను బట్టి వచ్చింది, బావికొండకు బావులను బట్టి వచ్చింది. భిక్షువులు వాననీటిని ఎలా దాచుకున్నారో ఆ కొండలు చెబుతాయి. వారి పాత్రలో అన్నం పెట్టిన పల్లె ఎలా బ్రతికిందో చెప్పవు. నాగార్జునకొండ లోయ జలాశయంలో మునిగింది. తరలించగలిగిన కట్టడాలను పైకి చేర్చారు, విహారాలకూ ఊరికీ మధ్య నడిచిన దారులను తరలించడం ఎవరి తరమూ కాలేదు. పురావస్తు శాస్త్రం ఆంధ్రదేశంలో ఇటుక ఇటుకగా ఊహించుకుంటున్న దాత, పొలం, నీరు, విహారం అనే బంధం స్పితిలో ఇంకా ఊపిరితో ఉన్నది. ఆ బంధంలో పొలం తెగితే, విహారాన్ని ఎంత పదిలంగా కాపాడినా అది మరొక తొట్లకొండ అవుతుంది.

ఈ విషయంలో పండితులూ నిర్దోషులు కారు. ఫ్రాంకే 1909లోను, టుచ్చి 1933లోను టాబోకు వెళ్లారు. తరువాతి తరాలవారు శాసనాలను, చిత్రాలను శ్రద్ధగా ప్రచురించారు. సుధనుని చిత్రావళికి ప్రక్కనున్న పాఠాన్ని 1995లో స్టైన్‌కెల్నర్ గ్రంథరూపంలో వెలువరించారు. ఆ కృషికి ఋణపడనివారు ఈ రంగంలో లేరు. అయినా నేటి అధ్యయన యాత్రలు కూడా విహారాన్ని కొలిచి, బస ఇచ్చిన ఇంటిని ఖర్చుల పట్టికలో ఒక పద్దుగా మాత్రమే నమోదు చేస్తున్నాయి. మిద్దెకు ఏ మట్టి వాడతారో, దానిని ఎన్నేళ్లకు ఒకసారి తిరిగి పరుస్తారో, ఆ పనికి ఏ ఇంటి నుండి ఎవరు వస్తారో ఆ ఇంటి వృద్ధులకు తెలుసు. మట్టి ఆలయ పరిరక్షణకు అంతకంటే విలువైన ఆధారం ఏ గ్రంథాలయంలోనూ దొరకదు. అడగకపోతే అది ఆ వృద్ధులతోనే వెళ్లిపోతుంది.

సుధనుడు నావికుని వద్దకు వెళ్లినప్పుడు నావను చూసి తిరిగి రాలేదు. బోధిసత్త్వచర్యను గురించి అడిగాడు. హిమాలయ పల్లెలో బస చేసే అతిథికి, అతడు సెలవు గడపడానికి వచ్చిన గృహస్థుడైనా, పరిశోధకుడైనా, భిక్షువైనా, కొలమానం అదే. ఆతిథ్యమిచ్చిన ఇంటిని గురువుగా చూసినవానికి పొలం మీదుగా విహారానికి వెళ్లే దారి తెరుచుకుంటుంది. వసతిగా మాత్రమే చూసినవాడు రెండు మంచి ఫొటోలతో తిరిగి వస్తాడు.