తీర్పుకు లోనైన స్త్రీ నుంచి తన కథ తానే చెప్పే స్త్రీ దాకా: కినుయో తనాకా నటజీవితం

జపాన్ నటి కినుయో తనాకా (1909–1977) 1924లో మూకీ చిత్రాలతో రంగప్రవేశం చేసి అర్ధశతాబ్దం పాటు నటించారు. విమర్శకులు ఆమెను తరచుగా దర్శకుడు కెంజి మిజోగుచి నాయికగానే గుర్తిస్తారు. ఈ గుర్తింపు ఆమె కృషిలోని ఒక ముఖ్య పరిణామాన్ని మరుగుపరుస్తుంది.

మిజోగుచి తీసిన ‘ఓహారు జీవితం’ (1952)లో నాయిక అడుగడుగునా పురుషుల తీర్పుకు లోనవుతుంది. వయసుడిగిన వేశ్యగా ఆమెను ఒక పెద్దమనిషి యాత్రికుల ఎదుట నిలిపి, పాపఫలానికి ఉదాహరణగా చూపుతాడు. తనాకా దర్శకత్వం వహించిన ఆరు చిత్రాలలో మొదటిదైన ‘ప్రేమలేఖ’ (1953)లో ఈ దృష్టి తారుమారైంది. యుద్ధానంతరం అమెరికన్ సైనికునితో సంబంధం పెట్టుకున్న ప్రియురాలిని నాయకుడు నిందిస్తాడు. అలా నిందించే హక్కు అతనికెక్కడిదని చిత్రం ప్రశ్నిస్తుంది.

కెయి కుమయి తీసిన ‘సాందాకన్ 8’ (1974)లో తనాకా పోషించినది ఒసాకి అనే వృద్ధురాలి పాత్ర. బాల్యంలో బోర్నియో వేశ్యాగృహానికి అమ్ముడుపోయిన ఒసాకి కూడా ఓహారు వలె సమాజం వెలివేసిన స్త్రీయే. అయితే ఆమె తన గతాన్ని ఒక పరిశోధకురాలికి తానే చెప్పుకుంటుంది. ఈ పాత్రకు 1975 బెర్లిన్ చిత్రోత్సవంలో తనాకాకు ఉత్తమనటి పురస్కారం లభించింది.

ఇందుకోసం మిజోగుచి ప్రతిభను తక్కువ చేయనక్కరలేదు. కాని ఓహారుకూ ఒసాకికీ నడుమ దర్శకురాలైన తనాకా ఉన్నారని గుర్తించనిదే ఆమె నటనపై ఏ అంచనా అయినా అసంపూర్ణమే.