సెట్టులో ఊరుంది, వాడ ఏదీ?

సినిమాను మనం కథతో విమర్శించాం, మాటలతో విమర్శించాం, హీరో కులంతో విమర్శించాం. తెర మీద ఊరిని నిలబెట్టే పనిని మాత్రం లెక్కలోకి తీసుకోలేదు. కళాదర్శకుడంటే అట్టలకు రంగులేసే మనిషి అనుకుని వదిలేశాం. ఇప్పుడు ప్రొడక్షన్ డిజైనర్ అంటున్న ఈ మనిషి ఔట్‌డోర్‌లో చేసే పని చిన్నది కాదు. షూటింగ్‌కు ముందే పోయి ఊరు చూస్తాడు. ఏ గోడకు మట్టి పూసి పాతది చెయ్యాలో చెప్తాడు. కరెంటు స్తంభాన్ని, సిమెంటు గోడను కెమెరాకు అందకుండా దాపెడతాడు. లేని బావిని, అరుగును, గుడిసెను కట్టిస్తాడు. ఊళ్ళో ఏది కనపడాలి, ఏది కనపడొద్దు అన్న నిర్ణయం చాలావరకు అక్కడే జరిగిపోతుంది.

ఈ నిర్ణయానికి కులం లేదా? ఉందంటున్నాం మేము.

1948 నవంబరు 4న రాజ్యాంగ సభలో అంబేద్కర్ గ్రామాన్ని ఆకాశానికెత్తే ధోరణిని తీవ్రంగా ఖండించారు. ఊరంటే ఒకటి కాదు, ఊరూ వాడా అని రెండు. ఈ రెంటి నడుమ ఉన్న దూరమే కులం. తెలుగు తెర మీద ఆ దూరం ఎందుకు కనపడదు? ఒక్క మోటబావిని చూడండి. పాతకాలపు పల్లె చూపించాలంటే మోట పెడతారు, అందంగా ఉంటుంది గనక. ఆ మోటకు తోలు కావాలి. ఆ తోలును లందలో ఊనబెట్టి, కుట్టి ఇచ్చింది మాదిగలు. మోట ఫ్రేములో ఉంటుంది, లంద ఉండదు. వస్తువు కావాలి, చేసిన చెయ్యి వద్దు. లంద లేని ఊళ్ళో మోట ఎట్లా నడుస్తది?

2018లో వచ్చిన 'రంగస్థలం' సంగతే తీసుకుందాం. సుకుమార్ సినిమా, కళాదర్శకులు రామకృష్ణ, మోనిక. 1980ల నాటి గోదావరి పల్లెను హైదరాబాదులో సెట్టుగా వేశారు. ఆ పనితనం గొప్పదే, కాదనం. అయితే ఆ కథలో ఒక హత్యకు అసలు కారణం కులమని తేలేది ఆఖర్న. అప్పటిదాకా ఎవరిల్లు ఎవరింటికి ఎంత దూరమో ఊరి కట్టడం మనకు గట్టిగా చెప్పదు. కులం కథలో రహస్యమైపోయింది. ఊళ్ళో బతికేవాడికి అది రహస్యమా? ఇంటి నుంచి బావి దాకా నడిస్తే తెలిసిపోయే సంగతి గదా!

మరి బి. నర్సింగరావు 'దాసి'? కళాదర్శకుడు తోట వైకుంఠం. 1988 చిత్రాలకిచ్చిన జాతీయ అవార్డుల్లో ఆయన పనికి గుర్తింపు వచ్చింది. గడి గదులు, వసారాలు, మూలలు కమలాక్షి మీద బరువులా కూర్చుంటాయి. కట్టడమే దొరతనమై మాట్లాడుతుంది. మేము ఆ సినిమా చూసి చర్చ పెట్టుకున్నప్పుడు ఒక తమ్ముడు లేచి అడిగిండు: "అన్నా, గడి ఇంత బాగా చూపెట్టిండ్రు, గడికి వెట్టి చేసిన వాడ ఏదే?" కథంతా దాదాపు గడి లోపలే గదా అని సర్దిచెప్పబోయాం. దాసికి గడి దాటే దారి లేదన్నది నిజమే. అయినా తమ్ముడి ప్రశ్న పోలేదు. మంచి సినిమాను కూడా అడగాల్సిన ప్రశ్న అది.

వాడ నుంచి ఊరిని చూస్తే ఎట్లుంటదో నాగరాజ్ మంజులే మరాఠీ సినిమా 'ఫండ్రీ' (2013) చూపింది. జబ్యా కుటుంబం పందిని కర్రకు కట్టి మోసుకుపోతుంటే వెనక బడి గోడ మీద అంబేద్కర్, సావిత్రిబాయి ఫూలే బొమ్మలుంటాయి. ఒక్క డైలాగు లేదు. గోడే విమర్శ చేస్తుంది. లొకేషన్‌లో గోడను ఎంచుకోవడం కూడా కట్టడమే.

"కథకు అవసరం లేదు" అని జవాబొస్తుందని తెలుసు. కథకు అవసరం లేనిది వాడ ఒక్కటేనా? అరుగు అవసరమైంది, రచ్చబండ అవసరమైంది, గుడి గోపురమైతే చెప్పనక్కర్లేదు.

కాబట్టి మనం చెయ్యాల్సిన పనులు రెండు. ఒకటి, సినిమా మీద రాసేటప్పుడు ఊరి పటం గీసుకుని చూడాలి. బావి ఎక్కడ, గుడి ఎక్కడ, వాడ ఏ దిక్కున, మధ్య ఎంత నడక అని. రెండు, వాడ పిల్లలు ఈ పనిలోకి పోవాలి. తాటాకు కప్పడానికి, మట్టి మొయ్యడానికి మన చేతులు ఎప్పుడూ పనికొచ్చాయి. ఏ గోడ ఎక్కడ లేవాలో చెప్పే చోట మాత్రం మనం లేం. ఆ చోటు కావాలంటున్నాం. అది దొరికిననాడు లంద కూడా ఫ్రేములోకొస్తుంది.