తీసేస్తూ పోయిన బ్యాండ్

ఏ బ్యాండ్‌నైనా ఆల్బమ్‌లు వచ్చిన వరుసలోనే వినాలని నా పట్టుదల. హిట్లన్నీ ఏరి కుప్పపోసిన ప్లేలిస్టులో పాటలుంటాయి గానీ, బ్యాండ్ నడిచొచ్చిన దారి కనిపించదు. ఈ వారం లండన్ బ్యాండ్ టాక్ టాక్‌ని అలా మొదటినుంచీ విన్నాను. మొత్తం ఐదే ఆల్బమ్‌లు.

1982 నాటి ‘ద పార్టీస్ ఓవర్’ నిండా సింథసైజర్లే. డ్యురాన్ డ్యురాన్ తొలి ఆల్బమ్‌లు చేసిన కాలిన్ థర్స్‌టనే దీనికీ నిర్మాత. కంపెనీ కూడా అదే, ఈఎంఐ. ఆ పోలిక దాగదు. 1984లో వచ్చిన ‘ఇట్స్ మై లైఫ్’కి నిర్మాతగా టిమ్ ఫ్రీజ్-గ్రీన్ తోడయ్యాడు. పాటలు చిక్కబడ్డాయి, మోత మాత్రం ఇంకా ఆ కాలందే.

అసలు మలుపు ‘ద కలర్ ఆఫ్ స్ప్రింగ్’, 1986. విమర్శకులు దీని తర్వాతి ఆల్బమ్‌కి దండలేస్తారు. నా ఓటు దీనికే. సింథసైజర్లు పక్కకు తప్పుకుని పియానో, ఆర్గాన్ ముందుకొచ్చాయి. అందులో ‘కమీలియన్ డే’ వినండి. డ్రమ్స్ ఉండవు. పియానో ఒక స్వరం మోగించి ఆగుతుంది. బ్యాండ్ గాయకుడు మార్క్ హాలిస్ గొంతు గొణుగుడు నుంచి అరుపు దాకా పోయి మళ్లీ తగ్గిపోతుంది. రాబోయేదంతా ఆ మూడు నిమిషాల్లోనే ఉంది.

ఆ ఆల్బమ్ బాగా అమ్ముడుపోవడంతో చేతికి డబ్బూ తీరికా వచ్చాయి. వెసెక్స్ స్టూడియోలో దీపాలార్పేసి నెలల తరబడి రికార్డు చేశారు. వచ్చిన వాద్యకారుల్ని తోచింది వాయించమనేవారు. అందులో చాలావరకు తర్వాత చెరిపేశారు. మిగిలింది ‘స్పిరిట్ ఆఫ్ ఈడెన్’, 1988. మొదట ట్రంపెట్ వినీవినబడనట్టు మోగుతుంది. వాల్యూమ్ పెంచుకుని కూర్చుంటామా, కాసేపటికి మార్క్ ఫెల్తమ్ మౌత్ ఆర్గాన్ ఆంప్లిఫయర్‌లోంచి బరబరమంటూ మీద పడుతుంది. ఎన్నిసార్లు విన్నా ఉలిక్కిపడతాను.

ఆ ఆల్బమ్ తర్వాత ఈఎంఐతో కోర్టు గొడవలు నడిచాయి. ఐదోది ‘లాఫింగ్ స్టాక్’ 1991లో వేరే కంపెనీ నుంచి వచ్చింది. అప్పటికే బాసిస్ట్ పాల్ వెబ్ లేడు. ఆ తర్వాత బ్యాండే లేదు.

కంపెనీని ధిక్కరించిన మహానుభావుడని హాలిస్‌ని ఇప్పుడు కొలుస్తున్నారు. నిజమే, కానీ ఆ ధిక్కారానికి ఖర్చు పెట్టింది ఆ కంపెనీయే. ఆ ఖర్చుకు ధైర్యమిచ్చింది 1986 నాటి హిట్టు.

షఫల్ ఆపేసి మీరూ 1982 నుంచి మొదలుపెట్టండి. అంత తీరిక లేకపోతే 1986 నుంచైనా సరే. చివరిదానితో మాత్రం మొదలుపెట్టకండి.