నడకలో నిదానం: ఎడిన్‌బరో పాతబస్తీలో గైడు చెప్పే చరిత్ర

ఎడిన్‌బరో కోట ముంగిట మొదలై హోలీరూడ్ రాజప్రాసాదం దాకా పల్లానికి దిగే వీధిని రాయల్ మైల్ అంటారు. దాని పొడవు రెండు కిలోమీటర్లకు లోపే. కొండ వెన్ను మీద సాగే ఈ వీధికి రెండు పక్కలా చేపముల్లుకు ఈనెల్లాగా ఇరుకు సందులు దిగుతాయి. స్థానికులు వాటిని క్లోజులంటారు. ఈ పాతబస్తీనీ, దానికి ఉత్తరాన 18వ శతాబ్దిలో వెలసిన కొత్తబస్తీనీ కలిపి 1995లో యునెస్కో ప్రపంచ వారసత్వ స్థలంగా గుర్తించింది. గొడుగో జెండానో ఎత్తిపట్టుకున్న గైడూ, చుట్టూ చెవులు రిక్కించిన సందర్శకులూ ఈ వీధిలో నిత్యదృశ్యం. నగరచరిత్రను పుస్తకాల్లో చదివేవారికంటే ఇలా నడుస్తూ వినేవారే ఎక్కువ. అందుచేత ఈ నడకను వినోదమని వదిలేయకుండా, ఒక మౌఖిక కథన ప్రక్రియగా పరిశీలించవలసి ఉంది.

తెలుగువారికి ఈ ప్రక్రియ కొత్తది కాదు. క్షేత్రానికి వెళ్ళినవారికి స్థలపురాణం చెప్పడం పాత ఆచారమే. ఒక రాజు, ఒక శాపం, ఒక మహిమ ఉంటే స్థలపురాణం నిలబడుతుంది. దానికి భిన్నమైన నమూనా కూడా తెలుగునాట ఉంది. స్కాట్లండ్‌కు చెందిన లూయిస్ దీవిలో పుట్టిన కాలిన్ మెకంజీ, కావలి సోదరుల సహాయంతో సేకరింపజేసిన కైఫీయతులలో గ్రామపురాణం పక్కనే చెరువులు, మాన్యాలు, పన్నుల వివరాలు కూడా చోటుచేసుకున్నాయి. పురాణం చెప్పడం దోషం కాదు. పక్కన లెక్క లేకపోవడమే లోపం.

ఆయుర్వేద పరిభాషలో నిదానమంటే రోగకారణం. రోగవినిశ్చయానికి ప్రామాణికమైన మాధవకరుని గ్రంథం మాధవనిదానంగానే ప్రసిద్ధి పొందింది. వాడుకలో అదే మాటకు తొందరపడకపోవడమన్న అర్థం స్థిరపడింది. ఎడిన్‌బరో నడకలలో తరచుగా లోపించేవి ఈ రెండూ. వాటిలో ప్లేగు, దుర్గంధం, శవాల అమ్మకం వంటి లక్షణాలు కళ్ళకు కట్టినట్టు వినిపిస్తాయి. వాటి కారణం మాత్రం వినిపించదు. కారణాన్ని వెదికి చికిత్సకు పూనుకున్నవారు అసలే కనిపించరు.

గోడ కట్టని సందు

హై స్ట్రీట్ మీది నగరసభా భవనం కింద మేరీ కింగ్స్ క్లోజ్ అనే సందు ఉంది. 1645 ప్లేగులో అధికారులు ఈ సందుకు రెండు చివరలా గోడలు కట్టి, రోగులను లోపలే చావనిచ్చారని ఒక కథ చాలాకాలంగా ప్రచారంలో ఉంది. ఆ సందును నేడు సందర్శకులకు చూపే నిర్వాహకులే ఈ కథను తోసిపుచ్చుతున్నారు. అయినా వీధి కథనాల్లో దాని ఆయువు తీరలేదు.

వాస్తవం వేరు. ఆ ప్లేగులో నగరపాలకులు వైద్యుని నియమించారు. మొదటి వైద్యుడు జాన్ పాలిషియస్ అదే వ్యాధికి బలైతే, అతని స్థానంలో జార్జ్ రే వచ్చాడు. రోగులను ఊరి వెలుపల బర్గ్‌మ్యూర్ మైదానంలో వేసిన గుడిసెలకు తరలించారు. ఇళ్ళనూ బట్టలనూ శుద్ధి చేసేందుకు కూలికి మనుషులను పెట్టారు. ప్లేగు క్రిమిని యెర్సాన్ హాంగ్‌కాంగ్‌లో కనుగొన్నది 1894లో. కారణం తెలియడానికి రెండున్నర శతాబ్దాల ముందే ఒక పట్టణం రోగులను వేరుచేయడం, వైద్యునికి జీతమివ్వడం, శుద్ధి చేయించడం వంటి పనులకు పూనుకొంది. గోడ కథ ఈ ప్రయత్నాన్నంతా తుడిచిపెట్టి, పాలకులను హంతకులుగా, రోగులను దయ్యాలుగా మారుస్తోంది.

సందు భూగర్భంలోకి పోవడానికి కారణం కూడా ప్లేగు కాదు. 1753లో రాయల్ ఎక్స్ఛేంజ్ భవన నిర్మాణం మొదలైనప్పుడు పాత ఇళ్ళ పైభాగాలను తొలగించి, కింది భాగాలను పునాదిగా వాడుకున్నారు. సందులో మిగిలిన భాగంలో 20వ శతాబ్ది ఆరంభం దాకా మనుషులు బతికారు, వ్యాపారాలు సాగించారు. వర్తకుల కొత్త భవనం కోసం పాత ఇళ్ళ మీద ఇళ్ళు లేవడం ఇక్కడి అసలు కథ. అందులో దయ్యాలు లేవు గనుక దానికి గిరాకీ లేదు.

రెండుసార్లు అమ్ముడుపోయినవారు

బర్క్, హేర్‌ల ఉదంతం లేకుండా పాతబస్తీ నడక ముగియదు. వీరిని శ్మశానంలో గోతులు తవ్విన శవచోరులని చెప్పేవారు ఇప్పటికీ ఉన్నారు. వీరు గోతులు తవ్వలేదు. ఐర్లండ్ నుంచి కూలిపనికి వలస వచ్చిన ఈ ఇద్దరూ వెస్ట్‌పోర్ట్‌లోని ఒక చవుక వసతిగృహాన్ని ఆశ్రయించి ఉండేవారు. అక్కడ అప్పుపడి సహజంగా మరణించిన ఒక వృద్ధుని శవాన్ని ఏడున్నర పౌన్లకు అమ్మడంతో వ్యాపారం మొదలైంది. ఆ తరువాత 1828లో పదహారుమందిని చంపి, శరీరనిర్మాణశాస్త్ర బోధకుడు డాక్టర్ రాబర్ట్ నాక్స్‌కు అమ్మారు. హతుల్లో ఎక్కువమంది స్త్రీలు. దాదాపు అందరూ నిరుపేదలు, అడిగే దిక్కులేనివారు.

1829 జనవరి 28న బర్క్‌ను లాన్‌మార్కెట్‌లో ఉరితీశారు. వేలమంది చూడవచ్చారు. ఆపై అతని శవాన్ని విశ్వవిద్యాలయంలో కోసి ప్రదర్శించినప్పుడు జనం బారులు తీరి చూశారు. అతని అస్థిపంజరం నేటికీ అక్కడి మ్యూజియంలో ఉంది. ఒక విధంగా ఈనాటి భయానక నడకలకు ఆ బారులే ఆద్యం. హతులను గురించి అడగనివారు హంతకుని చూడడానికి వచ్చారు. ఇప్పటి కథనాల్లోనూ హంతకుల పేర్లే మిగిలాయి. మార్గరెట్ డోచెర్టీ, మేరీ పాటర్సన్, జేమ్స్ విల్సన్ అనే పేర్లు విన్న సందర్శకులు తక్కువ. ఒకసారి బోధనశాలకు, మరొకసారి వినోదానికి అమ్ముడుపోవడం ఆ నిరుపేదల గతి అయింది.

నిదానం చెప్పవలసింది ఇక్కడే. ఆనాటి చట్టం శవచ్ఛేదనానికి అనుమతించే శవాలు బహు కొద్ది. వైద్యవిద్యార్థుల సంఖ్యకు అవి ఏమూలకూ చాలవు. ఆ కొరత నుంచే శవాల అంగడి పుట్టింది. 1832లో వచ్చిన అనాటమీ చట్టం ఆ అంగడిని మూయించింది. కానీ ఎట్లా? ఆసుపత్రులలోనూ, పేదలను ఉంచే వర్క్‌హౌసులలోనూ చనిపోయి, ఎవరూ తీసుకుపోని వారి దేహాలను వైద్యబోధనకు అప్పగించే మార్గం తెరిచి. నేరం ఆగింది, భారం మాత్రం పేదల మీదే నిలిచింది. భారతదేశంలోని రాష్ట్రాల అనాటమీ చట్టాలు సైతం దిక్కులేని శవాలనే సూత్రాన్ని స్వీకరించాయి. తెల్లకోటు వేసుకొని శవచ్ఛేదన శాలలో తొలిసారి అడుగుపెట్టిన ప్రతి వైద్యవిద్యార్థికీ ఈ చరిత్రతో సంబంధముంది. గైడు కథ హేర్ ఎటు పోయాడన్న రహస్యంతో ముగుస్తుంది. ఆ చట్టం ఎవరి శరీరాలను ఎంచుకుందన్న ప్రశ్నతో ముగిసి ఉంటే సందర్శకుడు వేరే మనిషిగా ఇంటికి వెళ్ళేవాడు.

కూలిన ఇల్లు, లెక్కపెట్టిన వైద్యుడు

హై స్ట్రీట్ మీద పెయిస్లీ క్లోజ్ ముఖద్వారం పైన ఒక బాలుని ముఖం చెక్కి ఉంటుంది. 1861 నవంబరు 24న అక్కడి పురాతనమైన బహుళాంతస్తుల నివాసం అర్ధరాత్రి వేళ కుప్పకూలి 35 మంది మరణించారు. తవ్వుతున్నవారు ఆశ వదులుకోబోయే సమయంలో, తానింకా చావలేదనీ పని ఆపవద్దనీ శిథిలాల అడుగు నుంచి ఒక బాలుడు కేక వేశాడు. ఆ ముఖం అతని జ్ఞాపకార్థం చెక్కినదే. గైడులు ఈ కథను చక్కగా చెబుతారు, వినేవారి కళ్ళు చెమరుస్తాయి. గుంపు ముందుకు కదులుతుంది.

కథలో ముఖ్యభాగం ఆ తరువాత జరిగింది. ఆ ప్రమాదం రేపిన ఆందోళన ఫలితంగా 1862లో నగరం తన మొదటి ఆరోగ్యాధికారిగా హెన్రీ లిటిల్‌జాన్‌ను నియమించింది. అప్పటికే పోలీసు వైద్యుడిగా సందుసందూ ఎరిగిన లిటిల్‌జాన్, 1865లో నగర పారిశుధ్యంపై సమగ్ర నివేదిక ప్రకటించాడు. ఏ వాడలో ఎంత జనసాంద్రత, ఎన్ని మరణాలు, నీరు ఎక్కడ అందుతోంది, మురుగు ఎటు పోతోంది అన్న వివరాలను వాడవారీగా విడదీసి చూపాడు. ఒకే నగరంలో చిరునామాను బట్టి చావు మారుతోందని ఆ పట్టికలు నిరూపించాయి. 1879లో అంటువ్యాధులను వైద్యులు తప్పనిసరిగా అధికారులకు తెలియజేయాలన్న నిబంధన ఎడిన్‌బరోలో వచ్చింది. లిటిల్‌జాన్ ఆ పదవిలో 1908 దాకా, అంటే 46 ఏళ్ళు కొనసాగాడు.

చిరునామాకూ చావుకూ ఉన్న సంబంధానికి మూలం నగర నిర్మాణంలోనే ఉంది. 1513లో ఫ్లాడెన్ యుద్ధంలో ఓడిన తరువాత కట్టుకున్న ప్రాకారం, ఉత్తరాన నార్‌లోక్ అనే చెరువు, అటూ ఇటూ వాలు: పెరగడానికి ఆకాశం తప్ప దిక్కు లేకపోయింది. చాలాకాలం ధనికులూ పేదలూ ఒకే కట్టడంలో వేర్వేరు అంతస్తుల్లో బతికారు, ఒకే మెట్లు ఎక్కారు. 1767లో జేమ్స్ క్రెయిగ్ పథకంతో కొత్తబస్తీ మొదలయ్యాక ఉన్నవారు క్రమంగా అటు తరలిపోయారు. వారు ఖాళీ చేసిన గదులు ముక్కలై, హైలాండ్స్ నుంచీ ఐర్లండ్ నుంచీ వచ్చిన వలసజనంతో కిక్కిరిశాయి. కిటికీల నుంచి వీధిలోకి మురుగు కుమ్మరించిన ముచ్చట చెప్పని గైడు లేడు. ఆ మురుగును భరించవలసిన అవసరం ఎవరికి తీరిపోయింది, ఎవరికి మిగిలింది అన్నది చెప్పేవారు అరుదు.

ఇంకొక నడక

లిటిల్‌జాన్ నివేదిక తరువాత 1867 నగరాభివృద్ధి చట్టం కింద పాత సందులను కూల్చి విశాలమైన వీధులు వేశారు. చేంబర్స్ స్ట్రీట్ ఆ విధంగా వచ్చినదే. గాలి, వెలుతురు వచ్చాయి. ఇళ్ళు పోగొట్టుకున్న పేదలు పక్క సందుల్లోకి దూరి అక్కడ ఇరుకు పెంచారు. ఈ వైద్యంలోని లోపాన్ని పట్టుకున్నవాడు జీవశాస్త్రవేత్త పాట్రిక్ గెడెస్. 1880లలో భార్య ఆనాతో కలిసి జేమ్స్ కోర్ట్ అనే మురికి సందులో కాపురం పెట్టాడు. అన్నీ కూల్చక, చెడినదాన్ని మాత్రమే తీసి తక్కినదాన్ని బతికించాలన్నాడు. అవయవాన్ని నిలుపుకొనే శస్త్రచికిత్సతో ఈ పద్ధతిని పోల్చాడు. చికిత్సకు ముందు రోగనిర్ధారణ, నిర్ధారణకు ముందు కాలినడకన పరిశీలన అతని క్రమం.

1914లో భారతదేశానికి వచ్చిన గెడెస్, నేటి ఆంధ్ర జిల్లాలు కూడా అంతర్భాగంగా ఉన్న మద్రాసు ప్రెసిడెన్సీలోని పట్టణాలను పరిశీలించి నివేదికలు రాశాడు. తంజావూరులో ఇళ్ళను బారుగా కూల్చి రోడ్డు తీసే పథకానికి బదులు, కొద్దిపాటి తొలగింపులతో ఖాళీ జాగాలు కల్పించే మార్గం సూచించాడు. ఎడిన్‌బరో సందుల్లో నేర్చుకున్న నడక కావేరి ఒడ్డున పనికివచ్చింది. కోట దగ్గర గెడెస్ నెలకొల్పిన ఔట్‌లుక్ టవర్‌లో సందర్శకులు పైనుంచి నగరాన్ని చూసి, అంతస్తులు దిగుతూ ప్రాంతం, దేశం, ప్రపంచం అనే వరుసలో ఆలోచించేలా ఏర్పాటు ఉండేది. ఆ కట్టడం నేడు దృష్టిభ్రమల వినోదశాల. గైడులు దాని ముందే గుంపును నిలబెడతారు.

గైడు తప్పెంత?

ఈ లోపాన్ని గైడుల అజ్ఞానంగా కొట్టిపారేయడం అన్యాయం. రుసుము లేని నడకల్లో ఆఖరున సందర్శకులు చేతిలో పెట్టేదే గైడుకు జీతం. రెండు గంటలలో పది మజిలీలు, ఒక్కో మజిలీకి కొద్ది నిమిషాలు. వానలో నిలబడ్డవారికి మరణాల పట్టిక వినిపించి మెప్పించడం కష్టం. కథనరూపాన్ని నిర్ణయిస్తున్నది ఈ ఆర్థిక ఏర్పాటే. పైగా దయ్యం కథ విని ఆసక్తితో చరిత్రలోకి వచ్చినవారు లేకపోలేదు.

ప్రత్యామ్నాయం అసాధ్యమూ కాదు. ఎడిన్‌బరోలో మొదలైన ఇన్విజిబుల్ సిటీస్ అనే సంస్థ, ఇల్లులేని బతుకును అనుభవించినవారికి శిక్షణనిచ్చి గైడులుగా తీర్చిదిద్దుతోంది. చవుక వసతిగృహం అన్న మాటకు అర్థం తెలిసినవారు ఆ వీధి చరిత్ర చెప్పినప్పుడు బర్క్ కంటే అతని చేత చచ్చినవారు దగ్గరివారవుతారు.

హైదరాబాదులో చార్మినార్ నుంచి చౌమహల్లా దాకా సాగే వారసత్వ నడకకూ ఈ పరీక్ష వర్తిస్తుంది. 1591లో చార్మినార్‌ను మహమ్మారి శాంతించినందుకు కట్టారన్న కథ అందరికీ తెలుసు. హిజ్రీ వెయ్యో సంవత్సరానికి గుర్తుగా కట్టారన్న వాదం కొందరికే తెలుసు. 1908 మూసీ వరద తరువాత 1912లో ఏర్పడిన నగరాభివృద్ధి సంస్థ ఇరుకు వాడలను తొలగించి వీధులు వేసిన వైనం, ఆ వాడల జనం ఎటు పోయారన్న ప్రశ్న ఎవరి నోటా వినబడవు.

పెయిస్లీ క్లోజ్ ముందు గుంపు ఆగే వ్యవధి ఐదు నిమిషాలకు మించదు. బాలుని కేక చెప్పడానికి మూడు చాలు. ఆ ఇల్లు ఎందుకు కూలిందో, కూలాక ఎవరు ఏం లెక్కపెట్టారో చెప్పడానికి మిగిలిన రెండూ సరిపోతాయి.