కలకత్తా వీథి – 'దో బీఘా జమీన్'

మన సినిమాలలో నగర వీథి సాధారణంగా ఒక తెర. నాయికానాయకులు దాని ముందు నడిచి పోతారు. 1953లో బిమల్ రాయ్ తీసిన 'దో బీఘా జమీన్'లో కలకత్తా వీథి అటువంటిది కాదు. అయితే ఆ చిత్రాన్ని మెచ్చుకునేవారు చాలామంది శంభు కష్టాలకు కన్నీరు పెట్టి ఊరుకుంటారు. ఆ కన్నీటితోనే నాకు పేచీ.

జమీందారుకు ఆ నేల మీద మిల్లు లేవాలి. శంభు లెక్కకు 65 రూపాయలున్న బాకీ జమీందారు కాగితాలలో 235 దాటింది. గడువు మూడు నెలలు. రైతు కొడుకుతో కలకత్తా చేరి రిక్షా లాగుతాడు. 1952 చలనచిత్రోత్సవంలో 'బైసికిల్ థీవ్స్' చూసిన ప్రభావం బిమల్ రాయ్ మీద ఉన్నమాట నిజమే. కాని డి సికా రోము నగరంలోనివాడు పని దొరకని పట్నవాసి. ఇక్కడివాడు నేల జారిపోతున్న రైతు. ఈ వీథి పల్లెలోనే మొదలవుతుంది. అనుకరణ అని కొట్టిపారేసేవారు ఈ సంగతి గమనించరు.

రిక్షా పందెం ఘట్టం చూడండి. ముందు బండిలో పోతున్న ప్రియురాలిని అందుకోవాలని ఒక బాబు శంభును తొందరపెడతాడు. ఇంకా వేగంగా పో, ఇంకా డబ్బిస్తాను! కూలి పెరిగినకొద్దీ పరుగు పెరుగుతుంది. బాబుకది సరదా, శంభుకు రెండు బీఘాల నేల. చివరకు చక్రం ఊడి మనిషి కూలుతాడు. శ్రమను కొనేవాడికీ అమ్ముకునేవాడికీ గల సంబంధం ఇంత స్పష్టంగా, ఒక్క ఉపన్యాసమైనా లేకుండా, మన తెర మీద కనబడటం అరుదు.

ప్రజానాట్యమండలి నటుడు బల్‌రాజ్ సహానీ ఈ పాత్ర కోసం కలకత్తాలో స్వయంగా రిక్షా లాగాడు. చిత్ర కథ విన్న ఒక బీహారీ రిక్షా కార్మికుడు అది తన కథేనన్నాడని ఆయన ఆత్మకథలో రాసుకున్నాడు.

ఇంత చేసిన చిత్రం తరువాత దారి తప్పింది. భర్తను వెతుక్కుంటూ వచ్చిన పార్వతిని కారు గుద్దుతుంది. ఆమెను ఎక్కించుకోవటానికి వచ్చిన రిక్షా శంభుదే! లక్షల జనం గల నగరంలో ఇదేమి యాదృచ్ఛికం? కూడబెట్టిన డబ్బు వైద్యానికి పోతుంది, నేల పోతుంది. ఇప్పుడు ప్రేక్షకుడు జమీందారును మరచి విధిని తిట్టుకుంటాడు. జమీందారుకు ఇంతకంటె కావలసిందేమిటి?

బూట్లు తుడిచే పిల్లల దృశ్యాలు మాత్రం సజీవంగా ఉన్నాయి. విద్యార్థి సంఘాలవారు ఈ చిత్రాన్ని ప్రదర్శించినప్పుడు చర్చను ముగింపుతో గాక రిక్షా పందెంతో మొదలుపెట్టాలని నా కోరిక.